గోడ మీద మిగిలిన వేలు

కళ్ళద్దాల షాపు పైనున్న ఆ ఆఫీసుకి మెట్లెక్కి వచ్చేవాళ్ళు రెండు రకాలని స్టెనో గారి నమ్మకం. కోపంతో వచ్చేవాళ్ళు దబదబా ఎక్కేస్తారు. భయంతో వచ్చేవాళ్ళు మధ్యలో ఆగి, దిగిపోదామా అనుకుని, మళ్ళీ ఎక్కుతారు. ఆ గురువారం ఉదయం తొమ్మిదింబావుకి వచ్చినావిడ మూడుసార్లు ఆగింది.

స్టెనో గారు అప్పటికే నోటుబుక్కు తెరిచి టైము వేసేశారు. ఆయనకి అరవై నాలుగేళ్ళు. ముప్ఫై ఏళ్ళు ఆఫీసర్లు చెప్పింది చెప్పినట్టు షార్ట్‌హ్యాండులో దింపి, రిటైరయ్యాక ఇంట్లో తోచక ఈ ఉద్యోగంలో చేరారు. ఈ మధ్య తన షార్ట్‌హ్యాండు తనకే అంతుపట్టడం లేదు కాబట్టి ముఖ్యమైన చోట పక్కనే చిన్న బొమ్మ వేసుకుంటారు. డిటెక్టివ్ ఆయనకంటే పదేళ్ళు చిన్నది. అయినా ఆవిడంటే ఆయనకి బోలెడు గౌరవం. ఇన్సూరెన్సు కంపెనీ తరఫున ఇరవై ఏళ్ళు కాలిన గోదాములూ కూలిన గోడలూ చూసి, ఏది దానంతటది కాలిందో ఏది ఎవరో కాల్చారో తేల్చిన మనిషి ఆవిడ. ఇప్పుడు సొంతంగా మనుషుల సంగతి తేలుస్తోంది.

వచ్చినావిడకి నలభై ఏళ్ళుంటాయి. భుజాన గుడ్డసంచి, మెడలో ఏదో స్కూలు గుర్తింపు కార్డు. కుర్చీ అంచున కూర్చుంది.

"నేను స్కూల్లో డ్రాయింగ్ టీచర్నండీ," అంది. గుమ్మం వైపు ఒకసారి చూసింది. గొంతు తగ్గించి, "నేనే చీమని," అంది.

స్టెనో గారి పెన్ను ఆగిపోయింది. ఆ ఊళ్ళో చీమ అంటే తెలియనివాళ్ళు లేరు. ఆరేళ్ళుగా ఎవరో తెల్లవారేలోగా గోడల మీద బొమ్మలేసి పోతున్నారు. కింద మూలన సంతకం ఉండదు, ఒక చీమ ఉంటుంది. బస్టాపు గోడ మీద నిలబడే నిద్రపోతున్న నర్సు, స్కూలు గోడ మీద తనకంటే పెద్ద బ్యాగు మోస్తున్న పిల్ల, అన్నీ చీమవే. ఊళ్ళో పెద్ద గ్యాలరీ ఓనరు ఒకసారి పత్రికలో, గోడ మీద గీసినదంతా కళైపోదనీ దానికి ఒక స్థానమంటూ ఉండాలనీ సెలవిచ్చాడు. మర్నాటికి గ్యాలరీ ఎదురుగోడ మీద బంగారు రంగు ఖాళీ ఫ్రేమూ, దాని ముందు కూర్చుని ఆవలిస్తున్న కుక్కా వెలిశాయి. ఊరంతా వారం రోజులు నవ్వుకుంది.

"మీరా! మా ఆవిడకి మీ నర్సు బొమ్మంటే ఎంత ఇష్టమో తెలుసా అమ్మా..." అంటూ లేచారు స్టెనో గారు.

"స్టెనో గారూ," అంది డిటెక్టివ్. ఆయన కూర్చున్నారు.

టీచరు సంచిలోంచి కవరు తీసి బల్ల మీద పెట్టింది. లోపల గ్యాలరీ ఆహ్వానం. శుక్రవారం సాయంత్రం ఆరు గంటలకి చీమ వేసిన 'ఇస్త్రీ అమ్మ' ప్రదర్శన. చీమ ఎవరో అదే వేదిక మీద పేరుతో సహా ప్రకటిస్తారు. కింద చేత్తో రాసిన రెండు ముక్కలు: మీరే వచ్చి వేదికెక్కితే మాకు సంతోషం, రాకపోయినా ప్రకటన ఆగదు.

"ఇస్త్రీ అమ్మ గోదాము గోడ మీది బొమ్మ కదూ?" అంది డిటెక్టివ్.

"అవునండీ. గోడకి చెమ్మ పట్టింది, రిపేరు అని చెప్పి మూడు రోజులు టార్పాలిన్ కట్టారు. నాలుగో రోజు తీసేసరికి బొమ్మ లేదు. పొర పొరంతా ఒలిచి పట్టుకుపోయారు."

"గోడ గోదాము ఓనరుది. అతను ఒప్పుకుని ఇచ్చి ఉంటే చట్టం మీకు పనికిరాదు."

"తెలుసండీ. నా పేరు బయటికొస్తే నా ఉద్యోగం పోతుంది, ఎందుకంటే స్కూలు గోడ పాడుచేశానని చీమ మీద పోలీసులకి ఫిర్యాదు ఇచ్చింది మా యాజమాన్యమే. అది కూడా తెలుసు. నేను వచ్చింది దానికి కాదు." ఆవిడ కవరుని బల్ల మీద ముందుకి తోసింది. "నేనే చీమనని లోకంలో ముగ్గురికే తెలుసు. మా ఆయన, చిన్నప్పటినించీ నా స్నేహితురాలు, మా మాస్టారు. ముగ్గురిలో ఒకరు చెప్పేశారు. ఎవరో తెలియక పది రోజుల్నించీ ముగ్గురి మొహాలూ దొంగచూపులు చూస్తున్నాను. మా ఆయన అన్నం పెడుతుంటే ఈయనేనా అనిపిస్తుంది. ఒక్కరు ద్రోహం చేస్తే ముగ్గురూ పోయారండీ నాకు. ఆ ఒక్కరెవరో చెప్పండి చాలు. మిగతా ఇద్దర్నీ నాకు తిరిగిప్పించండి."

స్టెనో గారు ఈ మాటలు షార్ట్‌హ్యాండులో రాయలేదు. మామూలు అక్షరాల్లోనే రాసుకున్నారు.

డిటెక్టివ్ కవరు మీది పేరు చూసింది, టీచరు మెడలోని కార్డు చూసింది. "ఇంటిపేరు వేరేగా ఉందే?"

"కవరు మీదిది పుట్టింటి ఇంటిపేరండీ. పెళ్ళయి పదహారేళ్ళయింది, ఇప్పుడెవరూ వాడరు."

"సరే, పదండి. ముందు గోడని అడుగుదాం."

గోదాము గోడ వీధి పొడుగునా ఉంది. మధ్యలో మేడ మీంచి వాననీళ్ళ గొట్టం ఒకటి కిందికి దిగుతోంది. ఆ గొట్టం పక్కనే ఇస్త్రీ బడ్డీ. బడ్డీలో నెరిసిన తలతో ఒకాయన బొగ్గుల ఇస్త్రీ పెట్టెకి విసనకర్రతో విసురుతున్నాడు. ఈయన భార్యే ఇస్త్రీ అమ్మ. ఆవిడ పోయి పద్నాలుగు నెలలైంది. బొమ్మలో ఆవిడ ఒక చేత్తో నిజం గొట్టాన్నే పట్టుకుని, బట్టల మూట అయిపోయాక ఊపిరి పీల్చుకుంటూ వీధిలోకి చూసేది. పొద్దున్నే బడ్డీ తెరిచి ఆ బొమ్మని చూశాకే ఈయన పెట్టెలో నిప్పు వేసేవాడు.

డిటెక్టివ్ భూతద్దం తీసి గోడకి ముక్కు ఆనించినంత దగ్గరగా వెళ్ళింది. "ఇక్కడ చూడండి స్టెనో గారూ, గుడ్డ నేత అచ్చు పడింది. వేడి బంక రాసి గుడ్డ అతికించి, బాగా ఆరాక లాగారు. బంక బిగుసుకుంటూ రంగు పొరని తనతో లాక్కుంటుంది. పాత గోడల మీద బొమ్మలు కాపాడేవాళ్ళ పద్ధతి ఇది. తెలిసినవాళ్ళు చెప్పి చేయించారు." గొట్టం దగ్గర ఆగింది. "గొట్టం అడ్డం ఉండడంతో ఇక్కడ గుడ్డ సరిగ్గా అంటలేదు. ఇదేమిటి?"

గొట్టం పక్కన, జానెడు మేర రంగు అలాగే మిగిలిపోయింది. అందులో ఒక వేలు. చిటికెన వేలు, పుల్లలా నిటారుగా.

"మా ఆవిడ వేలేనండీ," అన్నాడు ఇస్త్రీ ఆయన. "చిన్నప్పుడు పెట్టె మీద పడి కాలి బిగుసుకుపోయింది. ముడుచుకునేది కాదు. మహారాణి గారు టీ తాగుతున్నారని వీధంతా ఏడిపించేవాళ్ళు. ఆవిడా నవ్వేది." పెట్టె పక్కన పెట్టాడు. "ఆవిడ పోయినప్పుడు ఒకసారి ఏడ్చానండీ. ఆ టార్పాలిన్ తీసిన రోజు మళ్ళీ ఏడ్చాను. ఎవరికి ఏం అపకారం చేసింది చెప్పండి, గోడ మీద నిలబడి?"

టీచరు తల వంచుకుంది. ఇస్త్రీ ఆయన ఫోనులో బొమ్మ ఫొటో చూపించాడు. డిటెక్టివ్ అడిగితే, స్టెనో గారు అందులోని చెయ్యిని నోటుబుక్కులో వేసుకున్నారు. అయిదు వేళ్ళు, చివరిది నిక్కి ఉంది. బొమ్మ వంకరగా వచ్చినా వేలు మాత్రం బాగా కుదిరిందని ఆయన మురిసిపోయారు.

నాలుగు షాపుల అవతల రంగుల షాపు. టీచరు స్నేహితురాలిదే. షాపు ముందు సగం వేసిన సైన్‌బోర్డులు ఆనించి ఉన్నాయి. టీచర్ని ఇస్త్రీ బడ్డీ దగ్గరే ఉండమని, వీళ్ళిద్దరే వెళ్ళారు.

"బోర్డులు మీరే వేస్తారా?" అంది డిటెక్టివ్.

"నేనేనండీ. అదీ నేనూ ఒకే మాస్టారి దగ్గర నేర్చుకున్నాం. దానికి కళ అబ్బింది, నాకు అక్షరాలు అబ్బాయి."

"వడ్రంగులు వాడే బంక ఈ మధ్య ఎక్కువగా ఎవరికైనా అమ్మారా?"

ఆవిడ చేతిలో కుంచె డబ్బా అంచుకి తగిలి చప్పుడైంది. ఎదురుగా ఇస్త్రీ బడ్డీ దగ్గర నిలబడ్డ స్నేహితురాలి వైపు చూసింది. కళ్ళనిండా నీళ్ళు.

"అమ్మానండీ. మూడు వారాల కిందట ఎవరో ఇద్దరు పనివాళ్ళు వచ్చి పది కిలోలు పట్టుకెళ్ళారు. ఎందుకని అడగలేదు, వ్యాపారం కదా. టార్పాలిన్ తీసిన రోజు గోడ చూస్తే అర్థమైంది. నా షాపు బంకతోనే ఇస్త్రీ అమ్మని ఒలిచేశారు. రోజూ నా బట్టలు చేసిచ్చిన మనిషండీ. ఇదంతా దానికి ఏ మొహం పెట్టుకుని చెప్పను?"

అక్కణ్ణించి బస్ డిపో. టీచరు భర్త అక్కడ టైమ్‌కీపరు. బస్సు వచ్చిన నిమిషం, పోయిన నిమిషం రాయడమే ఆయన పని. స్టెనో గారికి మొదటి చూపులోనే ఆ మనిషి నచ్చాడు.

"టార్పాలిన్ కట్టిన సోమవారం మీరు డ్యూటీలో ఉన్నానని ఇంట్లో చెప్పారు," అంది డిటెక్టివ్. "మీ రిజిస్టరులో ఆ రోజు సంతకం వేరేవాళ్ళది. నేను బయటే చూసి వచ్చాను."

ఆయన రిజిస్టరు మూసేశాడు. చుట్టూ చూసి బయటికి తీసుకెళ్ళాడు.

"గోదాము ఓనరు దగ్గరికి వెళ్ళానండీ. ఆ మూడు రోజుల్లో అది మూడోసారి. ఆ గోడ మీద బొమ్మ ఉండడానికి తనకి అభ్యంతరం లేదని ఒక్క కాగితం రాసివ్వమని బతిమాలుతున్నాను. ఎప్పుడైనా తను దొరికిపోతే ఆ కాగితం అడ్డం పెట్టొచ్చని నా ఆశ. ఆ రోజు అతను నవ్వి, ఆలస్యమైంది, గ్యాలరీ వాళ్ళకి ఇచ్చేశాను అన్నాడు. నేను అంతలా తిరగబట్టే ఆ గోడకి విలువుందని వాడికి తెలిసిందేమో. నా మూలానే పోయిందేమో. ఎలా చెప్పమంటారు?"

"మీ భార్య పేరు చెప్పారా వాళ్ళకి?"

"నేను వీధిలో ఉండేవాణ్ణనీ బొమ్మ ఇష్టమనీ మాత్రమే చెప్పాను. తను పది రోజులుగా నాతో సరిగ్గా మాట్లాడటం లేదు. అడిగితే ఏం లేదంటుంది."

బస్సెక్కాక స్టెనో గారు కర్చీఫ్‌తో కళ్ళద్దాలు తుడుచుకుంటూ, "ఈయన కాకూడదు మేడమ్," అన్నారు.

"ఆ రిపోర్టు నేను రాస్తాను, మీరు కాదు," అంది డిటెక్టివ్. కానీ కసురుకోలేదు.

మాస్టారి గది ఓ పాత మేడ మీద మూడో అంతస్తులో ఉంది. డెబ్భై రెండేళ్ళ మనిషి, పల్చగా, శుభ్రంగా. వచ్చినవాళ్ళని కూర్చోబెట్టడానికి తానే కుర్చీల మీది కాగితాలు తీసి దులిపాడు. బల్ల మీద శిష్యుల బొమ్మలు దొంతరగా ఉన్నాయి. ప్రతి బొమ్మ మీదా ఎర్ర పెన్సిల్ గీతలు. ఇక్కడ భుజం సరిచేసి, అక్కడ ముక్కు సరిచేసి. గోడలు మాత్రం బోసిగా ఉన్నాయి. చుట్టూ సున్నం మాసిపోయినా, నలుచదరం మచ్చలు తెల్లగా మెరుస్తున్నాయి.

"మీ బొమ్మలేవీ కనబడవే?" అంది డిటెక్టివ్.

"ఫ్రేములు వదులైపోయాయి. మళ్ళీ కట్టించడానికి ఇచ్చాను," అన్నాడు మాస్టారు. "నలభై ఏళ్ళు ఆ గ్యాలరీ గుమ్మం ఎక్కి దిగాను తల్లీ. ఒక్క బొమ్మ పెట్టలేదు. మా అమ్మాయి అదృష్టవంతురాలు. గోడ ఎవరి సిఫారసూ అడగదు. పదమూడేళ్ళ పిల్లగా వచ్చింది నా దగ్గరికి. బొమ్మలో చెయ్యి వెయ్యడం రాక ఏడ్చేది. ఇప్పటికీ చెయ్యి వేసిన ప్రతిసారీ వెనక్కి తిరిగి నా మొహం చూస్తుంది, సరిగ్గా ఉందా మాస్టారూ అని."

"ఇస్త్రీ అమ్మ బొమ్మని గోడ మీద చూశారా?"

"స్కెచ్ చూశాను. ఆ వీధిలో నేనెప్పుడూ అడుగు పెట్టలేదు, ఈ మోకాళ్ళతో ఎక్కడ తిరగను? ఇంత పని ఎవరు చేశారో కనిపెట్టు తల్లీ. దాని మొహం చూడలేకపోతున్నాను." మాట్లాడుతూనే స్టెనో గారి ఒళ్ళో తెరిచి ఉన్న నోటుబుక్కు చూసి చెయ్యి చాచాడు. "ఇదెవరు వేశారు బాబూ? వేలు కర్రముక్కలా ఉంటుందా ఎక్కడైనా?" జేబులోంచి ఎర్ర పెన్సిల్ తీసి, రెండు గీతల్లో చిటికెన వేలిని ముడిచి మిగతా వేళ్ళ పక్కన చేర్చి ఇచ్చాడు. చెయ్యికి ప్రాణం వచ్చినట్టయింది.

"చెయ్యి తిరిగిన మనిషండీ మీరు!" అని ఆనందపడ్డారు స్టెనో గారు.

మెట్లు దిగుతుండగా డిటెక్టివ్ ఒక్కటే అంది. "ఆ పేజీ జాగ్రత్త."

గ్యాలరీలో చల్లగా ఉంది, అడుగుల చప్పుడు కూడా వినపడకుండా నేలంతా తివాచీ పరిచారు. ఓనరు నలగని చొక్కాలో ఎదురొచ్చాడు. ఇస్త్రీ అమ్మ పెద్ద హాలు మధ్య గోడ మీద, దీపాల కింద ఉంది. గొట్టం లేదు కాబట్టి గొట్టాన్ని కూడా రంగుతో వేశారు. ఆవిడ చెయ్యి దాన్ని చుట్టుకుని ఉంది, అయిదు వేళ్ళూ ముచ్చటగా ముడుచుకుని.

"ఎంత బాగుందో చూశారా?" అన్నాడు ఓనరు. "అక్కడ దుమ్ములో పడి ఉండేది. చోటు మారితే బొమ్మ మారిపోతుంది."

"మారింది," అంది డిటెక్టివ్. భూతద్దం చేతి దగ్గర పెట్టి చాలాసేపు చూసింది. "మీకు చీమ పేరు ఎవరు చెప్పారు?"

"అది మా వృత్తి రహస్యం."

స్టెనో గారు ఈలోగా నడవాలో తిరిగి వచ్చారు. చిన్న హాలు తలుపు మీద వేలాడే చీటీలో వచ్చే నెల ఏకవ్యక్తి ప్రదర్శన అని ఉంది, పేరు లేదు. తలుపు పక్కన గోనెపట్టాలో చుట్టి తాడు కట్టిన నలుచదరం కట్టలు గోడకి ఆనించి ఉన్నాయి. అవి కూడా ఆయన నోటుబుక్కులోకి ఎక్కాయి.

శుక్రవారం మధ్యాహ్నం మూడింటికి, ప్రారంభోత్సవానికి మూడు గంటల ముందు, డిటెక్టివ్ అందర్నీ ఆ పెద్ద హాలుకే పిలిచింది. ఓనరు మొదట ఒప్పుకోలేదు. ఆ బొమ్మలో కొంత భాగం చీమ వేసింది కాదని, కావాలంటే ఆరింటికి అందరి ముందే చెబుతానని ఆవిడ అన్నాక తలుపులు తీయించాడు. టీచరు ఒక పక్కన ఒంటరిగా నిలబడింది. ఆవిడ భర్త, స్నేహితురాలు, మాస్టారు ఎదురుగా కుర్చీల్లో ఉన్నారు. ఇస్త్రీ ఆయన గుమ్మం దగ్గరే ఆగిపోయాడు, చెప్పులు విప్పాలో అక్కర్లేదో తెలియక.

"మీరు రండి ముందు," అంది డిటెక్టివ్. "ఈ బొమ్మ చూసి చెప్పండి."

ఆయన దగ్గరికి వెళ్ళాడు. మొహం వైపు చూసి చేతులు జోడించబోయాడు. తర్వాత చూపు కిందికి దిగింది. చేతులు అలాగే ఆగిపోయాయి.

"మొహం ఆవిడదేనండీ," అన్నాడు. "చెయ్యి ఎవరిదో."

"ఆ మాట కోసమే మిమ్మల్ని రమ్మన్నాను." డిటెక్టివ్ అందరి వైపూ తిరిగింది. "పేరు ముగ్గురికి తెలుసు. ముగ్గురూ ఈవిడ దగ్గర ఒక్కో సంగతి దాచారు. ఈయన గోదాము ఓనరు చుట్టూ మూడుసార్లు తిరిగాడు. ఎప్పుడైనా ఈవిడ దొరికిపోతే అడ్డం పెట్టడానికి ఒక కాగితం రాయించుకోవాలని."

టీచరు చటుక్కున భర్త వైపు చూసింది. ఆయన తల దించుకున్నాడు.

"ఆ గోడ విలువ మీ మూలాన తెలియలేదు లెండి. బంక కొన్నది మూడు వారాల కిందట, మీరు మొదటిసారి వెళ్ళడానికి ముందే. పైగా కవరు మీద పుట్టింటి ఇంటిపేరు ఉంది. పదహారేళ్ళుగా ఆవిడ మీ ఇంటిపేరుతో ఉంది. మీ నోటివెంట ఆ పాత పేరు రాదు. ఈ సంగతి చెప్పిన మనిషికి ఆవిడ ఇంకా పెళ్ళికాని పిల్లే. అంటే మిగిలింది చిన్నప్పటినించీ తెలిసిన ఇద్దరు."

రంగుల షాపు ఆవిడ కుర్చీలోంచి లేచింది. "బంక నేనే అమ్మానే," అంది స్నేహితురాలితో, ఏడుపు ఆపుకోలేక. "ఎందుకో తెలియక అమ్మాను. తెలిశాక చెప్పలేకపోయాను."

"కూర్చోండి. మీ సంగతికే వస్తున్నాను. గొట్టం పక్కన రంగు ఊడి రాలేదు, చిటికెన వేలు గోడ మీదే ఉండిపోయింది. ఇక్కడ మాత్రం చెయ్యి నిండుగా ఉంది. అంటే ఎవరో వేసి పూరించారు."

"పాత బొమ్మలకి మరమ్మతు మామూలే," అన్నాడు ఓనరు. "మా దగ్గర పనివాళ్ళున్నారు."

"మీ పనివాళ్ళయితే ఫొటో పక్కన పెట్టుకుని ఉన్నది ఉన్నట్టు దించేవాళ్ళు. ఫొటోలో వేలు నిక్కి ఉంది. అది చూసి కూడా ముడిచి వేశారంటే, వేసిన మనిషికి అది తప్పుగా కనబడింది. తప్పు కనబడితే దిద్దకుండా ఉండలేని చెయ్యి అది. రంగుల షాపు ఈవిడకీ కుంచె పట్టడం వచ్చు. కానీ ఈవిడ ఆ వేలిని రోజూ చూసింది, ఆ వేలే ఈవిడకి బట్టలు మడతపెట్టి ఇచ్చింది. ఈవిడైతే దాన్ని ముడిచి ఉండదు. ముడిచింది, ఇస్త్రీ అమ్మని ఒక్కసారి కూడా చూడని మనిషి. స్టెనో గారూ, ఆ పేజీ."

స్టెనో గారు నోటుబుక్కు తెరిచి బొమ్మ పక్కన పట్టుకున్నారు. నిన్న తాను ఎంత మెచ్చుకున్నారో గుర్తొచ్చి సిగ్గుపడ్డారు. పేజీలో ఎర్ర పెన్సిల్‌తో ముడిచిన వేలూ, గోడ మీద రంగుతో ముడిచిన వేలూ ఒక్కలాగే వంగి ఉన్నాయి.

"రంగు కింద ఎర్ర పెన్సిల్ గీత భూతద్దంలో ఇప్పటికీ కనబడుతుంది," అంది డిటెక్టివ్. "చిన్న హాల్లో వచ్చే నెల ఏకవ్యక్తి ప్రదర్శన ఉంది. మాస్టారి గదిలో బొమ్మలన్నీ గోడలు దిగిపోయాయి. ఫ్రేములు కట్టేవాడి దగ్గర లేవు అవి. ఆ నడవాలో గోనెపట్టాల్లో ఉన్నాయి."

టీచరు మాస్టారి వైపు చూస్తూ ఉండిపోయింది. అయిదారు అడుగుల దూరంలో ఉన్న మనిషిని ఎక్కడో దూరాన ఉన్నవాణ్ణి చూసినట్టు చూసింది.

"వేలు తప్పమ్మా," అన్నాడు మాస్టారు చివరికి. "స్కెచ్ చూపించినప్పుడే చెప్పాను నీకు."

"చెప్పారు మాస్టారూ. ఆవిడ వేలే అలా ఉండేదని నేనూ చెప్పాను. మీరు వినలేదు."

"తప్పుతో ఎలా పెట్టను ఇంత పెద్ద హాల్లో? నీ బొమ్మ అనే కదా..." ఆయన తలెత్తి పైనున్న దీపాల వైపు చూశాడు. "డెబ్భై రెండేళ్ళు నాకు. ఒక్కసారి నా బొమ్మల్ని ఈ దీపాల కింద చూసుకుని పోదామనుకున్నాను. చీమని తీసుకొస్తే హాలిస్తామన్నారు. నీకూ పేరొస్తుందిగా అని నాకు నేనే చెప్పుకున్నాను."

"ఒక్క మాట అడిగి ఉంటే," అంది టీచరు. ఇప్పుడు ఆవిడ ఏడుస్తోంది, దాచుకోవడం లేదు. "మాస్టారూ, ఒక్క మాట. నేనే వచ్చి ఈ గుమ్మంలో నిలబడి, నేనే చీమనని చెప్పి, మీ హాలు మీకు ఇప్పించేదాన్ని. ఉద్యోగం పోతే పోయేది. మీరడిగితే నేను కాదంటానని ఎలా అనుకున్నారు? ఇరవై ఏడేళ్ళలో మీకు నేను అర్థమైంది ఇంతేనా?"

ఓనరు వాచీ చూసుకుని గొంతు సవరించుకున్నాడు. "ఇవన్నీ మీ సొంత విషయాలు. ఆరింటికి జనం వస్తారు. ప్రకటన..."

"చెయ్యండి," అంది టీచరు కళ్ళు తుడుచుకుని. "వేదిక నేనే ఎక్కుతాను. నా పేరు నేనే చెబుతాను. ఆ చెయ్యి నాది కాదని కూడా చెబుతాను."

ఓనరు మొహం మాడిపోయింది. వెంటనే ఎవరికో ఫోను చేసి ఇవాళ్టి కార్యక్రమం వాయిదా అన్నాడు. ఫోను పెట్టేసి మాస్టారి వైపు చూడకుండానే, "మన ఒప్పందం చీమ వస్తేనే కదండీ. మీ కట్టలు పట్టుకెళ్ళండి," అన్నాడు.

"ఆయన బొమ్మలు చాలా బాగుంటాయి," అంది టీచరు. "ఒక్కటైనా విప్పి చూశారా?"

ఓనరు మళ్ళీ వాచీ చూసుకున్నాడు. స్టెనో గారికి నిన్న చూసిన తాళ్ళు గుర్తొచ్చాయి. కట్టినవి కట్టినట్టే, ముడి కూడా వదులు కాలేదు. మాస్టారు కూడా నడవా వైపు చూశాడు. ఆ చూపు చూశాక స్టెనో గారికి ఆయన మీద కోపం నిలవలేదు, అలాగని జాలీ పూర్తిగా రాలేదు.

టీచరు సంచిలో వెతికి వేలెడంత ఎర్ర పెన్సిల్ ముక్క తీసింది. పదమూడేళ్ళప్పుడు, మొదటి రోజు, ఆయనే ఇచ్చింది. ఆయన చేతిలో పెట్టి, వేళ్ళు తానే ముడిచి, వెనక్కి తిరిగి చూడకుండా బయటికి నడిచింది. ఆవిడ వెనకే భర్త, స్నేహితురాలు పరిగెత్తినట్టు వెళ్ళారు.

ఆదివారం ఉదయం పది గంటలకి, పట్టపగలు, గోదాము వీధిలో నిచ్చెన వేసి ఉంది. శనివారమే టీచరు స్కూలుకి ఉత్తరం రాసి, చీమ తనేనని చెప్పేసింది. జవాబింకా రాలేదు, వచ్చేది ఏమిటో ఆవిడకి తెలుసు. గోదాము ఓనరు మాత్రం ఎట్టకేలకి ఆ కాగితం మీద సంతకం పెట్టాడు. ఊరంతా గోడ చూడటానికి వస్తుంటే కాదనే ధైర్యం అతనికి లేకపోయింది. భర్త నిచ్చెన పట్టుకున్నాడు. స్నేహితురాలు రంగు కలుపుతూ, ఎక్కువ నీళ్ళు పోశావని తిట్లు తింటోంది. తిట్లు తింటూ నవ్వుతోంది. డిటెక్టివూ స్టెనో గారూ ఎదురు పేవ్‌మెంట్ మీద నిలబడ్డారు.

"ఇద్దర్నీ తిరిగిప్పించాం మేడమ్," అన్నారు స్టెనో గారు.

"ఇద్దర్నే," అంది డిటెక్టివ్.

టీచరు ఇస్త్రీ ఆయన ఇచ్చిన చల్లారిన బొగ్గుముక్కతో గీస్తోంది. గోడ మీద మిగిలిన ఆ ఒక్క వేలిని కదపలేదు. దాని పక్కన ఉంగరం వేలు వేసింది, తర్వాత మధ్య వేలు, చూపుడు వేలు, గొట్టం అవతల బొటన వేలు. చెయ్యి పూర్తయింది. బొగ్గు అలాగే పట్టుకుని, ఎప్పటి అలవాటో, మెడ తిప్పి భుజం మీంచి వెనక్కి చూసింది.

వెనక జనం ఉన్నారు. ఆవిడ చూసినచోట ఎవరూ లేరు. ఆవిడ మొహం ఒక్క క్షణంలో చిన్నపిల్ల మొహమైపోవడం స్టెనో గారు చూశారు. నోటుబుక్కు జేబులోనే ఉన్నా తీయలేదు.

ఇస్త్రీ ఆయన పెట్టె దింపి, బడ్డీ లోంచి బయటికొచ్చి, గోడ దగ్గర నిలబడి తలెత్తి చూశాడు.

"సరిగ్గా ఉందమ్మా," అన్నాడు. "మా ఆవిడ చెయ్యే."

టీచరు తలూపి, మళ్ళీ గోడ వైపు తిరిగింది.